పేక జారిన ఇల్లు

2024 ఫిబ్రవరి 18, ఆదివారం మధ్యాహ్నం. కెమెరాలోంచి మెమరీ కార్డు తీసి కంప్యూటర్‌కు పెడితే ‘ఈ డిస్కును ఫార్మాట్ చేయాలా?’ అని అడిగింది. వంటింట్లో పప్పు అడుగంటుతున్న వాసన వస్తోంది. ఆ తొందరలో ‘అవును’ మీద నొక్కబోయి ఆగాను. ఇప్పటికీ తలుచుకుంటే చూపుడువేలు చల్లబడుతుంది.

ఆ కార్డులో మా నాయనమ్మ ఇల్లు ఉంది. నల్లగొండ జిల్లాలో మా ఊరు, గూన పెంకుల ఇల్లు. కూల్చేస్తున్నారని తెలిసి 11వ తేదీన వెళ్లి రోజంతా ఫొటోలు తీశాను. 15న పని మొదలైంది, 17 సాయంత్రానికి మట్టికుప్ప మిగిలింది. మళ్లీ వెళ్లి తీద్దామంటే తీయడానికి ఇల్లు లేదు. పుస్తకాలకు ముఖచిత్రాలు, పత్రికలకు బొమ్మలు వేసి బతికే మనిషిని. ఎవరి ఫైలు పోయినా ‘రెండో చోట దాచుకోలేదా?’ అని మందలించే అలవాటు ఉన్నదాన్ని. నేను దాచుకోలేదు.

20న సికింద్రాబాద్‌లో ఒక దుకాణంలో కార్డు ఇచ్చాను. రెండు రోజులన్నారు, తొమ్మిది రోజులు పట్టింది. మొత్తం 6,500 రూపాయలు. అందులో వెయ్యి ముందే కట్టాలి, ఫొటోలు రాకపోయినా ఆ వెయ్యి తిరిగి రాదు. 29న పెన్ డ్రైవ్ చేతికొచ్చింది. ఆటోలోనే ల్యాప్‌టాప్ తెరిచాను. 412 ఫొటోలు, చిన్న చిన్న గళ్లలో అన్నీ చక్కగా కనిపించాయి. అరుగు, దర్వాజా, తులసికోట, అరుగు మీద నాయనమ్మ. ఆటో అతను అద్దంలో చూసి ‘మంచి వార్తా అమ్మా?’ అని అడిగేంతగా ఏడ్చాను.

ఇంటికెళ్లి ఒక్కొక్కటీ పెద్దది చేసి చూస్తే 37 విరిగిపోయి ఉన్నాయి. అందులో నాకు అన్నిటికన్నా ముఖ్యమైనది, నాయనమ్మ అరుగు మీద కూర్చున్నది, ఒకటి. ఫోల్డర్‌లో కనిపించిన చిన్న బొమ్మ నిజమే, కానీ అది వేరే బొమ్మ: ఫొటో తీసినప్పుడే కెమెరా 160 గళ్ల (పిక్సెళ్ల) వెడల్పు, 120 గళ్ల ఎత్తు ఉన్న నకలు ఒకటి ఫైలు మొదట్లో దాచిపెడుతుందట. ఆ నకలుకు ఏమీ కాలేదు. తపాలా బిళ్లంత నాయనమ్మ క్షేమంగా ఉంది. అసలు ఫొటోలో ఆకాశం, పెంకులు, ఆమె ముఖం, చేతులు బాగున్నాయి. నడుము దగ్గర ఒక్కసారిగా బొమ్మ మొత్తం ఎడమకు జరిగిపోయి, మోకాళ్లు పోయి దర్వాజా పక్కన తేలాయి, అదీ ముదురు గులాబీ రంగులో. కింది మూడో వంతు అసలు ఆ ఇల్లే కాదు. జనవరిలో మా పినతండ్రి కూతురి పెళ్లిలో తీసిన విస్తళ్ల వరుస, ఆకుపచ్చ అన్నంతో.

దుకాణానికి ఫోన్ చేస్తే ‘అంతే వస్తుందమ్మా, అసలు వచ్చిందే గొప్ప’ అన్నారు. పెన్ డ్రైవ్ సొరుగులో వేసి రెండు వారాలు ముట్టుకోలేదు. ఆ రోజుల గురించి రాయడానికి పెద్దగా ఏమీ లేదు. పని చేశాను, తిన్నాను, నాయనమ్మ ఫోన్ చేస్తే ‘ఫొటోలు కడగడానికి ఇచ్చాను’ అని అబద్ధం చెప్పాను.

మార్చి మధ్యలో కోపం కుతూహలంగా మారింది. ఎందుకిలా విరిగింది? రాత్రుళ్లు కూర్చుని చదివాను. అర్థమైనంతలో చెబుతాను, ఎందుకంటే తర్వాత జరిగినదంతా దీని మీదే ఆధారపడింది. ఆ రోజు కార్డులో చోటు చాలక మధ్యమధ్యలో పాత పెళ్లి ఫొటోలు చెరిపేశాను. కొత్త ఫొటోలు ఆ ఖాళీల్లో ముక్కలు ముక్కలుగా సర్దుకున్నాయి. ఏ ముక్క ఎక్కడుందో చెప్పే పట్టిక పాడైతే, వెలికితీసే సాఫ్ట్‌వేర్‌కు దిక్కు ఒకటే: జేపెగ్ అనే ఫొటో ఫైలు మొదలయ్యే గుర్తు, ఎఫ్ఎఫ్ డీ8, ఎక్కడుందో వెతికి అక్కడి నుంచి వరుసగా తీసుకుంటూ పోవడం. వరుసలో పక్కన పెళ్లి విస్తళ్లు ఉంటే నాయనమ్మ కాళ్ల కింద విస్తళ్లే వస్తాయి. అంటే తప్పు సగం నాదే.

మరి రంగులు ఎందుకు మారాయి? జేపెగ్ బొమ్మను ఎనిమిదికి ఎనిమిది గళ్ల చదరాలుగా కోస్తుంది. ప్రతి చదరానికి సగటు వెలుగు ఎంతో పూర్తిగా రాయదు, ముందు చదరానికి ఇప్పటికి తేడా మాత్రం రాస్తుంది. మా ఊరి కిరాణా కొట్టు పద్దు ఇలాగే ఉండేది: ‘నిన్నటి మీద పది ఎక్కువ’, ‘నిన్నటి మీద నాలుగు తక్కువ’. ఒక్క రోజు తప్పు రాస్తే ఇక నెలాఖరు దాకా లెక్క తప్పే. రంగులకు కూడా అదే పద్దు. నాయనమ్మ నడుము దగ్గర కార్డులో ఒక చోట చెడింది, అక్కడి నుంచి ఇల్లంతా గులాబీ అయింది. కొన్ని చదరాలు లెక్కలోంచి జారిపోయాయి కాబట్టి మిగతావన్నీ పక్కకు జరిగాయి.

ఇది తెలిశాక ఆ ఫొటోను మొదటిసారి ఏడవకుండా చూశాను. నిజం చెప్పాలంటే, అందంగా ఉంది.

మొదటి పొరపాటు వెంటనే చేశాను. ఫోటోల సాఫ్ట్‌వేర్‌లో తెరిచి, కొంచెం వెలుగు పెంచి, అదే పేరుతో భద్రపరిచాను. ఆ క్షణంలో విరిగిన ఫైలు పోయి, విరిగినట్లు కనిపించే ఆరోగ్యమైన ఫైలు వచ్చింది. అదృష్టం కొద్దీ పెన్ డ్రైవ్‌లో ఇంకో నకలు ఉంది. రెండో ఆశ్చర్యం: ఆ అసలు నకలును ఫోన్‌లో తెరిస్తే కింది భాగమంతా బూడిద రంగు, కంప్యూటర్‌లో ఒక సాఫ్ట్‌వేర్‌లో గులాబీ, ఇంకొకటి ‘ఈ ఫైలు తెరవలేను’ అని చేతులెత్తేసింది. ఏది నా బొమ్మ? తప్పును ఎలా చదవాలో ఒక్కో సాఫ్ట్‌వేర్‌కు ఒక్కో అభిప్రాయం. గులాబీని ఎంచుకుని, తెర మీద కనిపించినది కనిపించినట్లు టిఫ్ ఫైలుగా తీసిపెట్టుకున్నాను. ఎవరైనా ఈ పని చేయబోతుంటే నేను చెప్పగలిగింది ఇదే: విరిగిన ఫైలును మూడు చోట్ల దాచి, చదవడానికి మాత్రమే వీలయ్యేలా తాళం వేసి, ఆ తర్వాత ముట్టుకోండి.

ఏప్రిల్, మే నెలలు బాగున్న ఫొటోలను కావాలని పాడుచేయడంలో గడిచాయి. హెచ్ఎక్స్‌డీ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో ఫొటోను అంకెలుగా తెరిచి, ఎక్కడో ఒక చోట రెండు మూడు అంకెలు మార్చడం. మొదటి భాగం ముట్టుకుంటే ఫైలు తెరుచుకోదు, ఎందుకంటే పట్టికలన్నీ అక్కడే ఉంటాయి. పైన మారిస్తే బొమ్మంతా చెడుతుంది, కింద మారిస్తే కాళ్లు మాత్రమే. సుమారు రెండు వందల ప్రయత్నాల్లో దాచుకోదగ్గవి ముప్పై.

ఇంకో పద్ధతి నన్ను పట్టేసింది. ఫొటోను బీఎంపీగా, అంటే కుదించకుండా గడి గడీ రాసే ఫైలుగా మార్చి, శబ్దాలను దిద్దే ఆడాసిటీలో శబ్దంగా తెరవడం. 4,000 గళ్ల వెడల్పు, 3,000 ఎత్తు, ఒక్కో గడికి మూడు అంకెలు: మొత్తం 3 కోట్ల 60 లక్షలు. సెకనుకు 44,100 చొప్పున వినిపిస్తే నాయనమ్మ ఇల్లు 13 నిమిషాల 36 సెకన్లు. చెవులు చిల్లులు పడే రొద, మధ్యలో మోటారు బావిలాంటి గుడగుడ. అది పెంకుల వరుసలనుకుంటా. బీఎంపీ మామూలుగా బొమ్మను కింది వరుస నుంచి పైకి రాస్తుంది. కాబట్టి ముందు నేల వినిపిస్తుంది, తర్వాత అరుగు, గోడ, కప్పు, చివర ఆకాశం. ఇల్లు కట్టే వరుసే. తెలియకుండా రెండుసార్లు మొత్తం విన్నాను. మధ్యలో ఒక ముక్కకు ప్రతిధ్వని కలిపి మళ్లీ బొమ్మగా మారిస్తే, దర్వాజా పక్కన దర్వాజా, దాని పక్కన ఇంకా పలచని దర్వాజా. మొదటి కొన్ని క్షణాల శబ్దాన్ని వదిలేయాలి, అందులో ఫైలు రకం, కొలతల వివరాలు ఉంటాయి. అది మరిచిపోయి ఒక పూట వృథా చేశాను.

ఈ దారిలో నాకంటే ముందు వెళ్లినవాళ్లు ఉన్నారని అప్పుడే తెలిసింది. నెదర్లాండ్స్ కళాకారిణి రోజా మెన్క్‌మన్ 2010లో తన ముఖం ఉన్న బొమ్మనే రకరకాల ఫైలు రూపాల్లో భద్రపరిచి, ఒక్కోదానిలో తప్పు చొప్పించి, ఏ రూపం ఎలా విరుగుతుందో చూపించారు. అమెరికాలో ఫిలిప్ స్టెర్న్స్ పాడుచేసిన డిజిటల్ కెమెరాల చిత్రాలను యంత్రం మగ్గాల మీద దుప్పట్లుగా నేయించారు. ఆ దుప్పట్లు చూసిన రాత్రి నిద్ర పట్టలేదు. మాకు పోచంపల్లి గంటన్నర దూరం.

మగ్గం దాకా వెళ్లే ముందు ముద్రణ కథ చెప్పాలి. డిసెంబర్‌లో నలుగురు మిత్రులం కలిసి చిత్రాలు ప్రదర్శించాలని అనుకున్నాం. జూన్‌లో నాయనమ్మ ఫొటోను 36 అంగుళాల వెడల్పున మంచి కాగితం మీద వేయమని ఒక ముద్రణాలయానికి పంపాను. రాత్రి తొమ్మిదిన్నరకు ఫోన్. ‘మేడమ్, ఫైలు పాడైంది, మళ్లీ పంపండి.’ ‘తెలుసండీ, అలాగే వేయండి.’ ‘సరే, నేను చూసుకుంటాను’ అన్నాడు ఆ అబ్బాయి. చూసుకున్నాడు. మర్నాడు వెళితే విస్తళ్ల భాగం కత్తిరించి, గులాబీ తగ్గించి, నాయనమ్మ ముఖానికి కాస్త కాంతి కూడా అద్ది, చుట్టచుట్టి ఇచ్చాడు. ‘సరిచేసినందుకు డబ్బులేమీ వద్దు మేడమ్’ అన్నాడు. అంత మంచితనం మీద ఎలా కోప్పడాలి? కాగితానికి మాత్రం రెండోసారి 3,400 కట్టాను. అప్పటి నుంచి ఫైళ్ల పేర్లలోనే ‘ఇలాగే వేయాలి, తప్పు కాదు’ అని రాసి పంపుతున్నాను.

ఆ రెండో ముద్రను నల్లగొండలో బాబాయి ఇంట్లో ఉన్న నాయనమ్మకు చూపించాను. ఎనభై నాలుగేళ్లు. చాలాసేపు చూసి, ‘నన్ను ఇక్కడ కూర్చోబెట్టి నా మోకాళ్లు అక్కడ పెట్టావేమే?’ అంది. కార్డు పాడైందని అప్పుడు చెప్పాను. ‘పోనీలే, అక్కడే ఉండనీ. నొప్పులన్నా తగ్గుతాయి’ అంది. తర్వాత విస్తళ్లు చూసి, ఆ పెళ్లికి తనను మెట్లెక్కించి పైకి తీసుకెళ్లలేదని మా బాబాయిని పావుగంట తిట్టింది.

జూలై 6న పోచంపల్లి దగ్గర ఒక ఊరికి వెళ్లాను. ఆ నేత కార్మికుడి పేరు రాయవద్దన్నారు కాబట్టి అన్న అనే అంటాను. ఫొటో చేతిలో పెట్టగానే నేనేమీ చెప్పకముందే, ‘పేక జారింది కదమ్మా’ అన్నాడు. నిజమే! మగ్గం మీద నిలువు పోగులు పడుగు, అడ్డం పోగులు పేక. పేక మీద ముందే రంగులద్ది నేసేటప్పుడు ఒక్క పోగు పక్కకు జరిగితే బొమ్మ అడ్డంగా తప్పుతుంది. ఫైలు తప్పినట్లే. నాలుగు నెలలు పుస్తకాలు చదివి నేను తెలుసుకున్నది ఆయనకు ఒక్క చూపులో తెలిసిపోయింది.

శ్రావణమాసం పెళ్లిళ్ల చీరలు అయ్యాక రమ్మన్నాడు. అయ్యాక వెళితే దసరా పని. దసరా దాటాక, అక్టోబర్ 18న మొదలైంది. ఆలోగా నేను బొమ్మను 120 గళ్ల వెడల్పు, 90 గళ్ల ఎత్తుకు కుదించి, రంగులను నాలుగుకు తగ్గించి, గ్రాఫ్ కాగితం మీద చేత్తో నింపాను. తెలుపు, గులాబీ, ఆకుపచ్చ, నలుపు. పదకొండు రాత్రులు పట్టింది. 44 అంగుళాల వెడల్పు, 33 ఎత్తు, అంగుళానికి 60 పోగులు: ఒక్కో వరుసకు 22 పేక పోగులు చొప్పున 90 కట్టలు. ఖర్చు 22,000. బేరం ఆడబోయాను. ‘చీరలో పువ్వు మళ్లీ మళ్లీ వస్తుంది, ఒకసారి కట్టిన చిటికి ఎన్నోసార్లకు పనికొస్తుంది. మీ బొమ్మలో ఒక్క వరుస మళ్లీ రాదు’ అన్నాడు. చిటికి అంటే రంగు తగలకుండా పోగులకు కట్టే కట్టు. నోరు మూసుకున్నాను.

ఆసు పోసే పని, అంటే రంగులకు ముందు పేక దారాన్ని మేకుల చుట్టూ చుట్టే పని, ఆయన భార్యది. చింతకింది మల్లేశం తన తల్లి భుజాల నొప్పి చూడలేక తయారు చేసిన లక్ష్మీ ఆసు యంత్రం వాళ్లింట్లోనూ ఉంది. దానికి ముందు చీరకు వేలసార్లు చెయ్యి అటూ ఇటూ ఆడించేదాన్నని ఆమె కుడి భుజం పట్టుకుని చెప్పింది. ఇక చిటికి కట్టడం: పోగుల మీద గీతలు గీసి, రంగు తగలకూడని చోట సైకిల్ ట్యూబు కోసిన రబ్బరు పట్టీలు బిగించి, రంగులో ముంచి, విప్పి, మళ్లీ కట్టి, మళ్లీ ముంచి.

26న చూడటానికి వెళితే, చిటికి కట్టిన పోగుల్లో నడుము దగ్గర జరుగుడు మాయమైంది. ఇల్లు నిటారుగా ఉంది. ‘అక్కడ గ్రాఫ్‌లో ఆరు గళ్లు తప్పు వేశారు, నేనే సర్దాను’ అన్నాడు అన్న. ముద్రణాలయం అబ్బాయి గుర్తొచ్చి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. తప్పే కావాలని మళ్లీ చెప్పాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. ‘తప్పు తెలియకుండా పడాలమ్మా. కావాలని పెడితే అది డిజైనే’ అని, తను సర్దిన పదిహేను కట్టలూ విప్పడం మొదలుపెట్టాడు. నాకు జవాబు దొరకలేదు, ఇప్పటికీ లేదు. కార్డు చేసినదొక్కటే నిజమైన తప్పు. ఆ తర్వాత నేను చేసినవన్నీ ఆయన మాట ప్రకారం డిజైన్లే. అదనంగా ఆయనకు రెండు వేలు, నాలుగు రోజులు.

నవంబర్ 17న మగ్గం ఎక్కింది. దుపట్టాల పడుగు చివర మిగిలిన గజమున్నర మీద నేత. పడుగు తెలుపు కావడంతో నలుపు నలుపుగా రాలేదు, తడిసిన బొగ్గులా తేలింది. అది నేను ఊహించలేదు, నాకు నచ్చింది. ప్రతి పోగునూ అంచు దగ్గర రవ్వంత లాగి, గీతకు గీత కలిసేలా ఆయన వేళ్లు సర్దుతున్నాయి. నలభై ఏళ్ల అలవాటు. జరుగుడు ఉన్నచోటికి వచ్చేసరికి ఆ వేళ్లు తప్పును కూడా అంతే శ్రద్ధగా నిలబెట్టాయి. గులాబీ మోకాళ్లు దర్వాజా పక్కన సరిగ్గా తేలాయి.

మూడో రోజు, విస్తళ్ల దగ్గర, నిజంగానే పేక జారింది. ఆకుపచ్చ అన్నం నాలుగు పోగుల మేర పక్కకు పాకింది. ఎవరూ కోరనిది, ఎవరూ గీయనిది. ‘అన్నా, అది ఉంచండి!’ అని దాదాపు అరిచాను. ఆయన మగ్గం ఆపి నావైపు తిరిగాడు. ‘మీ తప్పు మీదమ్మా, ఎంత కావాలంటే అంత నేసిస్తాను. నాది నాది. నా తప్పు ఇల్లు దాటదు.’ నాలుగు పోగులూ విప్పి మళ్లీ నేశాడు. ఇరవై నిమిషాలు. నేను గడప దగ్గర నిలబడి చూశాను.

24న బట్ట చేతికొచ్చింది. డిసెంబర్ 7న ప్రదర్శన మొదలై వారం నడిచింది. ముద్రల్లో ఒకటి 12,000కు అమ్ముడుపోయింది. ఖర్చు లెక్కేస్తే అది సగం కూడా కాదు. నేతను అమ్మలేదు, ఇద్దరు అడిగారు. ఒకాయన కాసేపు చూసి, నాకు మాత్రమే వినిపించేలా ‘నేసినవాళ్లు మోసం చేసినట్టున్నారమ్మా, మోకాళ్ల దగ్గర చూసుకున్నారా?’ అని జాగ్రత్త చెప్పి వెళ్లాడు.

ప్రదర్శన అయ్యాక బట్ట మడతపెడుతుంటే పై అంచులో, పెంకుల వరుసలో, ఒకచోట వేలికి తేడా తగిలింది. కిటికీ దగ్గరికి తీసుకెళ్లి చూశాను. గ్రాఫ్ తీసి పక్కన పెట్టి లెక్కపెట్టాను. ఒకే ఒక్క పోగు, గింజంత జరిగింది. నా కాగితంలో లేదు.

అన్నకు ఫోన్ చేసి చెప్పాను. అవతల మగ్గం చప్పుడు ఆగింది.

‘ఎక్కడమ్మా? ఎన్నో వరుస?’

చెప్పలేదు. బట్ట తెమ్మన్నాడు, పది నిమిషాల్లో సరిచేసి ఇస్తానన్నాడు. సంక్రాంతికి వస్తానని చెప్పి పెట్టేశాను. ఇంకా వెళ్లలేదు.